కన్నీటికి దరువేసిన పాటలు

బొలీవియాలో పుట్టిన ఒక ఏడుపు పాట ప్రపంచమంతటి చేతా చిందులేయించింది. నెల్లూరు తీరంలో పుట్టిన ఒక కవి రాసిన ఏడుపు పాటలు తమిళులను, కన్నడిగులను కూడా కూర్చోబెట్టి ఏడిపించాయి. గుండె పగిలినవాడి పాట ఎల్లలు దాటేటప్పుడు దాని వెంట ఎవరి పేరు వెళ్తుంది, ఎవరి పేరు రేవులోనే ఆగిపోతుంది?

1989 వేసవిలో ఫ్రాన్సు నుంచి బయల్దేరిన పాట ఒకటి ఊరూరా మోగిపోయింది. టీఎఫ్1 అనే టీవీ ఛానలూ, ఒరాంజినా అనే కూల్‌డ్రింకు కంపెనీ కలిసి ఆ సీజనంతా దాన్ని జనం చెవుల్లో పోస్తూనే ఉన్నాయి. బ్రెజిల్ సముద్రతీరం, గిర్రున తిరిగే పొట్టి పావడాలు, నడుముకు నడుము ఆనించి ఊగే జంటలు, మధ్యలో అకార్డియన్. పాట పేరు 'లంబాడా'. పాడిన బృందం కయోమా. మన తండాల్లోని లంబాడీలకూ దీనికీ ఏ చుట్టరికమూ లేదు.

పోర్చుగీసు రానివాళ్లంతా దాన్ని హుషారు పాట అనే అనుకున్నారు. తీరా మాటలు చూస్తే అది విడిపోయినవాళ్ల గోడు. కన్నీళ్లతో వెళ్లిపోయిన మనిషి, నిలబెట్టుకోలేకపోయిన ప్రేమ, ఎక్కడికెళ్లినా వదలని జ్ఞాపకం. ఉన్న సరుకంతా అదే. ఆ గోడుకే లోకం నడుం ఊపింది.

అదే ఏడాది సెప్టెంబరు 13న ఆచార్య ఆత్రేయ కన్నుమూశారు. తెలుగువాళ్లను నలభై ఏళ్లపాటు పాటలతో ఏడిపించిన మనిషి. అసలు పేరు కిళాంబి వేంకట నరసింహాచార్యులు. 1921 మే 7న సూళ్లూరుపేట దగ్గర మంగళంపాడులో పుట్టారు. 2022లో జిల్లాలు విడదీశాక సూళ్లూరుపేట తిరుపతి జిల్లాలోకి వెళ్లింది గానీ, ఆత్రేయ నాటికి అది నెల్లూరు జిల్లాయే. ఆ ఊరి మనుషుల మాట, యాస, వెటకారం ఇప్పటికీ నెల్లూరువే. శ్రీహరికోట రాకెట్ చూడ్డానికి సూళ్లూరుపేట స్టేషన్లో దిగేవాళ్లలో ఎందరికి ఈ సంగతి గుర్తొస్తుందో!

ఈ రెండు సంగతులనూ పక్కపక్కన పెట్టడానికి కారణం ఉంది. వేరే దేశపు గాయకుడితో కలిసి పాడటం, వేరే భాష ముక్కను పల్లవిలో ఇరికించడం ఇప్పుడు మామూలైపోయింది. 2019లో గురు రంధావా, పిట్‌బుల్ కలిసి పాడారు. 2022లో బాద్‌షా, జె బాల్విన్, టైనీ జట్టుకట్టారు. వీటిని 'కొలాబరేషన్' అంటున్నారు. మంచిదే. కానీ అసలు కొలాబరేషన్, అదీ ప్రేమ తెగిన బాధ మీద, మన నెల్లూరువాళ్లు మద్రాసులో ఎప్పుడో చేసి చూపించారు. దానికి ఆ పేరు పెట్టుకోలేదంతే.

బాణీ దేశాలు తిరిగింది

ముందు 'లంబాడా' పుట్టుక సంగతి. బొలీవియాలోని కొచబంబా ప్రాంతానికి చెందిన బృందం లోస్ కార్కాస్. ఆండీస్ కొండల జానపద వాద్యాలు, వెదురు పిల్లనగ్రోవులు, చరాంగో అనే చిన్న తీగవాద్యం వాళ్ల సొత్తు. ఆ బృందంలోని ఉలీసెస్, గొంజాలో ఎర్మోసా సోదరులు కట్టిన స్పానిష్ పాట 1981లో రికార్డయింది. అసలు పాట వింటే ఎవరికీ నాట్యం చేయాలనిపించదు. నెమ్మదిగా, కొండ గాలిలా సాగుతుంది.

1984లో పెరూ దేశపు క్వార్తెతో కాంటినెంటల్ అనే బృందం దానికి వేగం పెంచి, కుంబియా దరువు వేసి, అకార్డియన్ కలిపింది. 1986లో బ్రెజిల్ గాయని మార్సియా ఫెరీరా దాన్ని పోర్చుగీసులో పాడింది. ఆ తర్వాత ఇద్దరు ఫ్రెంచి నిర్మాతలు, జాన్ కరాకోస్, ఒలివియే లోర్సాక్, బ్రెజిల్లో ఆ పాట విని, పారిస్‌లో కయోమా బృందాన్ని పోగేసి, లోఆల్వా బ్రాజ్ చేత పాడించారు. పాట రచయితగా మాత్రం 'చికో డి ఒలివీరా' అని ఒక పేరు నమోదైంది. ఎర్మోసా సోదరుల ఊసే లేదు. వాళ్లు కోర్టు మెట్లెక్కి కొట్లాడాకే ఆ పాట వాళ్లదని తేలింది.

అప్పటికి బాణీ ఎటో వెళ్లిపోయింది. 1990లో మన హిందీ సినిమా 'ఘాయల్'లో ఒక డాన్సు పాట వినండి, ఇట్టే పట్టేస్తారు. 2011లో జెన్నిఫర్ లోపెజ్, పిట్‌బుల్ కలిసి 'ఆన్ ద ఫ్లోర్' చేసినప్పుడు మళ్లీ అదే అకార్డియన్ పలికింది. ఆ పాటకు సంగీతం చేసిన రెడ్‌వన్ మొరాకోలో పుట్టి పెరిగి స్వీడన్ వెళ్లినవాడు. లెక్కేసుకోండి. బొలీవియా, పెరూ, బ్రెజిల్, ఫ్రాన్సు, బొంబాయి, మొరాకో, అమెరికా. ఇన్ని చేతులు మారేసరికి బాణీ చెక్కుచెదరలేదు గానీ ఏడ్చిన మనిషి కనిపించకుండా పోయాడు. జెన్నిఫర్ లోపెజ్ పాట క్లబ్బులో డాన్సు ఆడమంటుంది, మరేమీ అనదు.

దీన్ని దొంగతనం అని తీసిపారేయడం తేలిక. నాకు మాత్రం అంతకంటే ఆసక్తికరమైన సంగతి ఆ దరువు దగ్గర ఉంది. పెరూ వాళ్లు వేగం పెంచకపోతే అది ఆండీస్ దాటేది కాదు. బాధకు కాళ్లు వచ్చింది ఆ దరువుతోనే. లాటిన్ అమెరికా వాళ్లకు ఈ కిటుకు వందేళ్ల కిందటి నుంచి తెలుసు. క్యూబాలో శాంతియాగో నగరానికి చెందిన పేపే సాంచెజ్ 1883లో కట్టిన పాటను తొలి బొలేరో అంటారు. దాని పేరే 'త్రిస్తేజాస్', దుఃఖాలు. అప్పటి నుంచి బొలేరో అంటే జంటలు దగ్గరగా చేరి మెల్లగా ఆడే నాట్యం, నోట్లో మాత్రం విడిపోయిన కథ. 2023లో క్యూబా, మెక్సికోల బొలేరోను యునెస్కో సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేర్చింది.

అర్జెంటీనాది ఇంకో తమాషా. టాంగో మొదట్లో ప్రధానంగా నాట్యమే. 1917లో కార్లోస్ గార్డెల్ 'మి నోచే త్రిస్తే' అనే పాట పాడాడు. ప్రియురాలు వదిలేసి పోయాక ఖాళీ గదిలో ఒంటరిగా మిగిలినవాడి పాట. పాటగా పాడే టాంగోకు అదే మొదలంటారు. సరిగ్గా ఆ 1917లోనే కలకత్తాలో శరత్‌చంద్ర 'దేవదాసు' నవల అచ్చయింది. బ్యూనస్ ఎయిర్స్‌లో ఒకడు, బెంగాల్లో ఒకడు, ఒకే ఏడాది, ఒకే జబ్బు, చేతిలో ఒకే మందు. గార్డెల్ 1935లో విమాన ప్రమాదంలో పోయాడు. మన దేవదాసు మాత్రం 1953లో అక్కినేని రూపంలో, ఘంటసాల గొంతుతో, సముద్రాల మాటతో, సుబ్బరామన్ బాణీతో తెలుగువాడై కూర్చున్నాడు. బెంగాలీ కథ, తమిళ దేశపు సంగీత దర్శకుడు, కృష్ణా జిల్లా హీరో. అది కొలాబరేషన్ కాదని ఎవరంటారు?

రొయ్య తెచ్చిన చుట్టరికం

నెల్లూరు తీరానికీ లాటిన్ అమెరికాకూ రోజువారీ సంబంధం ఒకటుంది. అది పాటది కాదు, రొయ్యది. మైపాడు, ఇస్కపల్లి, కృష్ణపట్నం, తూపిలిపాళెం, ఎటు పోయినా రొయ్యల గుంటలే. 1990లలో ఇక్కడ టైగర్ రొయ్య రాజ్యం. తెల్లమచ్చ తెగులు వచ్చి దాన్ని ఊడ్చిపెట్టింది. 2009లో వెనామీ అనే రొయ్యకు అనుమతి వచ్చాక గుంటలు మళ్లీ నిండాయి. వెనామీ పుట్టిల్లు మెక్సికో నుంచి పెరూ దాకా ఉన్న పసిఫిక్ తీరం. దాని తల్లి రొయ్యలు విమానంలో దిగి, చెన్నై నీలాంకరైలో క్వారంటైన్ పూర్తిచేసుకుని, అప్పుడు మన హేచరీలకు వస్తాయి. అమెరికా మార్కెట్లో మన రొయ్యకు పెద్ద పోటీదారు ఈక్వడార్. 2025 ఆగస్టులో అమెరికా మన సరుకు మీద సుంకాన్ని 50 శాతానికి పెంచి, ఈక్వడార్‌కు 15 శాతమే వేసినప్పుడు, ప్రపంచ పటంలో ఈక్వడార్ ఎక్కడుందో ఎప్పుడూ వెతకనివాడు కూడా ఇక్కడి టీకొట్టు దగ్గర దాన్ని తిట్టాడు.

ఇస్కపల్లి వైపు ఒక గుంట గట్టు మీద రాత్రి పదిన్నర. ఏరియేటర్లు నీళ్లు చిలుకుతున్నాయి. ఆ రొదలో పక్కవాడి మాట వినబడాలంటే అరవాల్సిందే. కాపలా కుర్రాడు చెక్ ట్రే పైకి లాగి, టార్చి వేసి, మేత ఎంత మిగిలిందో చూసి, మళ్లీ నీళ్లలోకి దించాడు. మెడకు వేలాడుతున్న చిన్న స్పీకర్లో ఏదో పాట. గిటారు తీగ మీద గబగబా మీటుతున్న చిన్న ముక్కలు, వెనక బాంగో, ఇనుప గొట్టాన్ని గీకుతున్నట్టు ఒక దరువు. భాష తెలుగు కాదు, తమిళం కాదు, హిందీ అసలే కాదు.

"ఏ పాట అబ్బయ్యా అది?"

"ఏమో సార్. రీల్స్‌లో వస్తా ఉంటే ఎక్కించుకున్నా."

"అర్థమవుతుందా?"

"అర్థం కాకేముండాది? వదిలేసి పొయ్యిందంట. ఆ గొంతు ఇంటే తెలవట్లా?"

నిజంగానే అది బచాటా. డొమినికన్ రిపబ్లిక్ పాట. ఈ బచాటా చరిత్ర చదివితే మన 'లవ్ ఫెయిల్యూర్' పాటల గురించి పెద్దలు విసుక్కునే మాటలే గుర్తొస్తాయి. నియంత త్రుహీయో 1961లో హతుడయ్యాక, 1962లో హోసే మాన్యుయెల్ కాల్దెరోన్ తొలి బచాటా రికార్డులు చేశాడు. అవి పేటల్లో, సారా కొట్లలో పాడుకునే పాటలు. పెద్దింటివాళ్లు వాటిని ఇంట్లోకి రానివ్వలేదు, రేడియోల్లో చాలావాటికి అవి అంటరానివే. ఆ పాటలకు అప్పట్లో 'చేదు పాటలు' అనే పేరుండేది. మోసపోయాను, తాగాను, ఆమె పెళ్లయిపోయింది, మళ్లీ తాగాను. 1990లో హువాన్ లూయిస్ గెర్రా అనే చదువుకున్న సంగీతకారుడు 'బచాటా రోసా' ఆల్బమ్‌తో దానికి ఇస్త్రీ చొక్కా తొడిగి డ్రాయింగ్ రూములోకి తెచ్చాడు. గ్రామీ వచ్చింది. 2019లో యునెస్కో గుర్తింపూ వచ్చింది. ఇప్పుడు మన యూట్యూబులో తెలంగాణ పల్లె యాసతో, డీజే దరువుతో వస్తున్న లవ్ ఫెయిల్యూర్ పాటలను చూసి ముక్కు చిట్లించేవాళ్లు ఈ కథ ఒకసారి వినాలి.

ఆ కుర్రాడి మాట దగ్గర ఇంకాసేపు ఆగాలనిపిస్తుంది. గొంతు వింటే తెలుస్తుందన్నాడు. సగం నిజం. గొంతుకు భాష అక్కరలేదు. కానీ ఎందుకు వదిలేసిపోయింది, తప్పెవరిది, ఇతను తిడుతున్నాడా బతిమాలుతున్నాడా, ఇవన్నీ మాటల్లోనే ఉంటాయి. ఆ రెండో సగాన్ని కూడా భాష దాటించగలిగిన పాట ఎలా ఉంటుందో చూడాలంటే మద్రాసు రైలెక్కాలి.

బాంగో, మద్రాసు, మనసు

నెల్లూరు నుంచి మద్రాసు దగ్గర. సూళ్లూరుపేట నుంచైతే మరీ దగ్గర. తడ దాటితే తమిళం మొదలు. పులికాట్ సరస్సు ఇటు కొంత, అటు కొంత. ఈ తీరంలో రెండు భాషలూ మాట్లాడేవాడిని ఎవరూ పండితుడు అనరు, చేపల బేరానికి అంతమాత్రం రావాల్సిందే. ఆత్రేయ, ఆయన తర్వాత ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం, ఈ దారినే మద్రాసు చేరారు. 'ప్రేమ్‌నగర్' (1971) నాయిక వాణిశ్రీదీ నెల్లూరే. ఆ సినిమాలో భగ్నప్రేమకు మాట ఇచ్చినవాడూ, ముఖం ఇచ్చిన ఆమే ఇద్దరూ ఒకే జిల్లా వాళ్లన్నమాట.

మద్రాసు రికార్డింగ్ థియేటర్లలో అప్పటికే క్యూబా ఉంది. బాంగో రూపంలో. ఎం.ఎస్.విశ్వనాథన్‌కు ఆ వాద్యమంటే ప్రాణం. పాలక్కాడ్ దగ్గర పుట్టిన మలయాళీ, తమిళ సినిమా సంగీతానికి రాజు. 1964లో వచ్చిన తమిళ చిత్రం 'సర్వర్ సుందరం'లో ఒక పాటను రికార్డింగ్ థియేటర్లో జరుగుతున్నట్టే చిత్రీకరించారు. ఎమ్మెస్వీ స్వయంగా తెర మీద చేతులు ఊపుతూ కనిపిస్తారు. వయొలిన్ల వరస, ఇత్తడి వాద్యాలు, బాంగోలు. లాటిన్ సంగీతం మద్రాసుకు ఎలా వచ్చిందని ఎవరైనా అడిగితే నేను ఆ పాట పెట్టి చూపిస్తాను. ఆ సినిమాకు కథ రాసినవారు కె.బాలచందర్.

ఆ బాలచందరే, ఆ ఎమ్మెస్వీతోనే, 1978లో తెలుగులో 'మరో చరిత్ర' తీశారు. కథ మీకు తెలిసిందే. విశాఖ తీరం, పక్కపక్క ఇళ్లు, తమిళ అబ్బాయి, తెలుగు అమ్మాయి. పెద్దలు ఒప్పుకోరు. ఏడాది పాటు విడిగా ఉండి చూడమంటారు. ఏడాది నిలిచిన ప్రేమ చివరికి నిలవలేదు, మనుషులూ నిలవలేదు. మలయాళీ బాణీ, తమిళ దర్శకుడు, తమిళ హీరో కమల్ హాసన్, తెలుగు అమ్మాయి సరిత, నెల్లూరు కవి ఆత్రేయ, నెల్లూరు గొంతు బాలు. ఒక పాటలో అమ్మాయి తెలుగులో పాడుతుంటే అబ్బాయి మధ్యమధ్య తమిళంలో 'అంటే ఏంటి' అని అడ్డు తగులుతుంటాడు, ఆమె జవాబు చెబుతుంటుంది. ఇంకో పాటలో ఇంగ్లిషు ముక్కలు దొర్లుతాయి. ఈ రోజుల్లోనైతే దీన్ని మూడు భాషల కొలాబరేషన్ అని పోస్టర్ మీద వేసేవాళ్లు.

ఆ పాటల్లో భాషలు కలిసిన తీరు చూడండి. అబ్బాయికి తెలుగు రాదు, అందుకే తమిళం. ఆ అర్థంకానితనమే కథ. రేపు ఆ అర్థంకానితనమే పెద్దల నోట కక్ష అవుతుంది. ఇక్కడ పరాయి మాట తాలింపు గింజ కాదు. తెలుగు సినిమాగానే, డబ్బింగు లేకుండానే మద్రాసు సఫైర్ థియేటర్లో ఏడాది దాటి ఆడిందంటే, తమిళ ప్రేక్షకుడు కూడా ఆ తెలుగు పాటలను మాటలతో సహా మోసుకుపోయాడనే కదా.

1981లో బాలచందర్ దాన్ని హిందీలో 'ఏక్ దూజే కే లియే'గా తీసినప్పుడు బాలు చేత పాడించడానికి సంగీత దర్శకులు లక్ష్మీకాంత్-ప్యారేలాల్ మొదట సందేహించారు. దక్షిణాది యాస వస్తుందేమోనని. సినిమాలో హీరో తమిళుడు, యాస ఉంటేనే అందం, అన్నారట బాలచందర్. ఆ పాటలకు బాలుకు జాతీయ అవార్డు వచ్చింది. యాసను దాచకుండా పరాయి భాషలో ఏడవనిచ్చారు కాబట్టే ఆ ఏడుపు నిజమనిపించింది.

ఆత్రేయ గురించి సినిమావాళ్లు చెప్పుకునే జోకు ఒకటుంది. రాసి ప్రేక్షకులను ఏడిపిస్తాడు, రాయక నిర్మాతలను ఏడిపిస్తాడని. పాట అడిగితే నెలలు. సెట్ వేసి, హీరో హీరోయిన్ల డేట్లు తీసుకుని, పాట రాక తలపట్టుకున్న నిర్మాతల కథలు కోడంబాకం నిండా ఉండేవి. ఆ ఆలస్యం బద్ధకం అనుకోను. ఆయన పాట కాగితం మీద చూస్తే ఇదెవరైనా రాస్తారు కదా అనిపిస్తుంది. అలా అనిపించడానికే ఆయనకు నెలలు పట్టేది.

సినిమాకు ముందు ఆయన నాటకకర్త. 'ఎన్.జి.ఓ.' నాటకంలో చిన్న గుమాస్తా ఇంటి బాధను గుమాస్తా మాటల్లోనే పలికించారు. 1951లో 'దీక్ష'తో పాటల్లోకి వచ్చినా ఆ నాటకం చెవి పోలేదు. ఆయన విరహగీతంలో నిఘంటువు తీయాల్సిన మాట అరుదు. చంద్రుడూ, చకోరమూ, మలయమారుతమూ పక్కకు జరిగి, మనిషి ఎదుటి మనిషిని నిలదీస్తాడు. ఎదుటి మనిషి లేకపోతే దేవుణ్ని. దేవుడూ పలక్కపోతే తన మనసునే ఎదురుగా కూర్చోబెట్టి అడుగుతాడు. 'మనసు కవి' అనే బిరుదు అందుకే అతికింది. 'మూగ మనసులు' (1964) చూడండి, పేరులోనే మనసుంది. ఇంకో గుణం, ఆయన తనకు తానే ఎదురు వాదిస్తాడు. ప్రేమ గొప్పదంటాడు, ఆ ఊపిరిలోనే ప్రేమించినవాళ్లు ఎంత కఠినులో చెబుతాడు. బాధలో ఉన్నవాడి ఆలోచన అలాగే నడుస్తుంది, సూటిగా నడవదు.

ఆ గుణం నిండుగా కనిపించేది, నా లెక్కలో, 1988 నాటి 'అభినందన'లో. అక్క చనిపోవడంతో, ఆమె పిల్లల కోసం బావను పెళ్లి చేసుకోవాల్సిన స్థితిలో పడ్డ అమ్మాయి. పాటే జీవితమైన కుర్రాడు. ఇళయరాజా సంగీతం. పాటలన్నీ ఆత్రేయవే. అప్పటికి ఆయనకు అరవై ఆరేళ్లు పైబడ్డాయి. ఇరవై ఏళ్ల కుర్రాడి కసి, అభిమానం, ఏడవకూడదని పెట్టుకున్న పంతం ఆ వయసులో ఎక్కడి నుంచి తెచ్చారో! మరుసటి ఏడాది వచ్చిన 'ప్రేమ'లోనూ పాటగాడే హీరో, అవీ ఆత్రేయ మాటలే, ఇళయరాజా బాణీలే, బాలు గొంతే. ఆ తర్వాత కొన్ని నెలలకే ఆయన లేరు.

బాలు పాడిన పద్ధతీ గమనించాలి. భగ్నప్రేమ పాట రాగానే గొంతులో జీర తెచ్చి, ప్రతి మాటకూ వెక్కి ఏడ్చే గాయకులున్నారు. బాలు చాలాసేపు మామూలుగా పాడతాడు. చరణంలో ఒక్క మాట దగ్గర, అదీ చిన్న మాట దగ్గర, ఊపిరి తెగినట్టు వదిలేస్తాడు. మిగతాదంతా శుభ్రంగా, ఉచ్చారణ చెడకుండా. వాళ్ల నాన్న సాంబమూర్తి హరికథకుడు. కథ చెప్పేవాడు తానే ముందు ఏడిస్తే జనం ఏడవరని ఆ ఇంట్లో పుట్టినవాడికి ఒకరు చెప్పాలా? ఎక్కడ ఎంత ఏడవాలో లెక్క తెలిసిన గొంతు కాబట్టే ఆత్రేయ మామూలు మాట అంత బరువు మోసింది.

పాటలో ఉన్నదెవరు, పటంలో ఉన్నదెవరు

2010లో 'రోబో'లో కిలిమంజారో పాట వచ్చింది. కిలిమంజారో ఆఫ్రికాలో ఉంది. పాట తీసింది పెరూలోని మాచు పిచ్చులో. డాన్సర్లకు ఆండీస్ రంగుల దుస్తులు. చూడ్డానికి బ్రహ్మాండంగా ఉంటుంది, నేనూ చూశాను. పెరూ మాత్రం పాటలో లేదు, వెనక పరదాలో ఉంది.

దీనికి పూర్తిగా భిన్నమైన ఉదాహరణ కూడా చెన్నైదే. రెహమాన్ 'జై హో'లో వినిపించే స్పానిష్ ముక్క చెన్నై గాయని తన్వీ షా రాసి పాడింది. 2010లో ఆ పాటకు గ్రామీ వచ్చినప్పుడు రచయితల పేర్లలో గుల్జార్, రెహమాన్‌ల పక్కన ఆమె పేరూ ఉంది. నాలుగు మాటలు రాసినా రాసినట్టే. ఎర్మోసా సోదరులకు కోర్టుకెళ్తే గానీ దక్కనిది ఆమెకు నేరుగా దక్కింది.

ఈ మధ్య లాటిన్ పాప్‌లో భగ్నప్రేమ స్వభావమే మారింది. 2023 జనవరిలో కొలంబియా గాయని షకీరా, అర్జెంటీనా కుర్రాడు బిజారాప్ కలిసి ఒక పాట వదిలారు. వదిలేసి వెళ్లిన ఫుట్‌బాల్ ఆటగాడు పికే మీద. కార్ల బ్రాండ్లు, గడియారాల బ్రాండ్లు ఏకరువు పెట్టి, కొత్తామెతో పోల్చి, ఏకిపారేసింది. పాటలో కన్నీళ్లు వెతికితే దొరకవు. కుళాయి దగ్గర బిందె పక్కన పెట్టి కొంగు బిగించినట్టు ఉంటుంది. లాటిన్ అమెరికా ఆడవాళ్లు దాన్ని తమ పాట చేసుకున్నారు. వందేళ్లుగా బొలేరోలోనూ, టాంగోలోనూ, బచాటాలోనూ ఏడ్చింది ఎక్కువగా మగాడే, నింద పడింది ఎక్కువగా ఆడదాని మీదే. ఆ బాకీ తీర్చుకున్నట్టుంది. మన దగ్గర 2011లో ధనుష్, అనిరుధ్ చేసిన 'కొలవెరి' పాట దీనికి తలకిందులు. అదీ వదిలేసిందన్న గోడే, వచ్చీరాని ఇంగ్లిషులో, నవ్వుతూ. దానికీ ప్రపంచం చిందులేసింది. తెలుగులో షకీరా లాంటి పాట ఆడపిల్ల గొంతుతో పెద్ద సినిమాలో ఇంకా రావాల్సే ఉంది. వస్తే రాసేదెవరో చూడాలి. ఆత్రేయ ఉండి ఉంటే ఆర్నెల్లు తీసుకునైనా రాసేవారు.

కలిసి పాట చేసినవాళ్ల మధ్య కూడా గుండెలు పగులుతాయి. 2017 మార్చిలో బాలు అమెరికాలో కచేరీలు చేస్తుంటే, అనుమతి లేకుండా తన పాటలు పాడొద్దని ఇళయరాజా నుంచి లాయరు నోటీసు వెళ్లింది. వందల పాటలు కలిసి చేసిన స్నేహితులు. చట్టం తెలియదు, తెలిశాక పాడకుండా ఆగుతాను అని బాలు ఫేస్‌బుక్‌లో రాశారు. మిగతా కచేరీలు వేరే పాటలతో నడిపారు. జనం రెండు జట్లుగా చీలారు. తెలుగువాళ్లలో ఎక్కువమంది బాలు వైపే మాట్లాడారు. ఆ సంవత్సరం ఆ మాటల్లో వేడి ఎక్కువ, విషయం తక్కువ. తమ పేరే లేకుండా పాట దేశాలు తిరిగితే ఏమవుతుందో ఎర్మోసా సోదరులను అడిగితే, ఇళయరాజా పట్టుదల అంత వింతగా కనిపించదు. పద్ధతి గురించి ఎవరి అభిప్రాయం వాళ్లది. 2019లో ఇద్దరూ మళ్లీ కలిశారు. 2020 ఫిబ్రవరిలో బాలు నెల్లూరు తిప్పరాజువారి వీధిలోని తమ ఇంటిని వేదపాఠశాల కోసం కంచి పీఠానికి ఇచ్చేశారు. ఆ సెప్టెంబరు 25న వెళ్లిపోయారు. నెల్లూరులోని ప్రభుత్వ సంగీత, నృత్య పాఠశాలకు ఇప్పుడు ఆయన పేరుంది.

చట్టం సంగతి కూడా ఒక ముక్క. 2012లో మన కాపీరైటు చట్టాన్ని సవరించారు. అప్పటి నుంచి పాట రాసినవాడికీ బాణీ కట్టినవాడికీ రాయల్టీలో వాటా ఉంటుంది, దాన్ని నిర్మాతకు రాసిచ్చేసినా చెల్లదు. సినిమా పాటల కవుల కోసం జావేద్ అఖ్తర్ పార్లమెంటు లోపలా బయటా కొట్లాడి సాధించినది. ఆత్రేయ తరం దాన్ని చూడలేదు. వాళ్లకు పాటకు ఇంత అని చేతిలో పెడితే అక్కడితో సరి.

ఇస్కపల్లి గుంట కుర్రాడి ఫోన్లో బచాటా తర్వాత వచ్చింది తెలుగు పాటే. 'అభినందన' పాట, డీజే రీమిక్సు. ఇళయరాజా వేసిన నడక పక్కకుపోయి కింద డబడబమని దరువు, పైన బాలు గొంతు మాత్రం అలాగే. క్వార్తెతో కాంటినెంటల్ వాళ్లు చేసిన పనే ఇది, ఊరేగింపుకు పనికొచ్చేలా ఏడుపుకు వేగం పెంచడం. వినడానికి బాగానే ఉంది, అబద్ధం ఎందుకు. వీడియో కింద ఏముందో చూశాను. డీజే పేరు, అతని ఊరు, బుకింగుకు ఫోన్ నంబరు, లైట్లు కూడా సప్లై చేస్తామన్న మాట. హీరో పేరుంది. బాలు పేరుంది. రాసినవాడి పేరు లేదు. ఎవరు రాశారో తెలుసా అని కుర్రాణ్ని అడిగాను.

"పాట బాలుదే గదా సార్?" అన్నాడు, చెక్ ట్రే మళ్లీ పైకి లాగుతూ.

సూళ్లూరుపేటాయన రాశాడని చెప్పాను. "మనోడేనా!" అని, ఫోన్ తీసి ఆ వీడియో కింద కామెంటు కొట్టడం మొదలుపెట్టాడు. ఆత్రేయ అని తెలుగులో ఎలా రాయాలో నన్నే అడిగి రాశాడు.